లాటిన్ క్రియాచక్రం – తెలుగు క్రియావర్ణన: ఒక చారిత్రక పరిశీలన

ఉపోద్ఘాతం

హైదరాబాదు నాంపల్లిలోని పబ్లిక్ గార్డెన్స్‌లో 1985లో తెలుగు విశ్వవిద్యాలయం ఏర్పడింది. అక్కడినుండి ఆబిడ్స్ మీదుగా గన్‌ఫౌండ్రీ వైపు నడిస్తే రెండు కిలోమీటర్లలోపే సెయింట్ జోసెఫ్ కెథడ్రల్ కనిపిస్తుంది. మిలాన్ మిషన్‌కు చెందిన ఇటలీ గురువులు 1870లో దానికి శంకుస్థాపన చేశారు. 1875 క్రిస్మస్ నాటికి అది ఆరాధనకు తెరుచుకుంది. ఒకచోట తెలుగు క్రియను సూత్రబద్ధంగా చదివారు. రెండోచోట, పూజాపాఠం స్థానిక భాషలలోకి మారే వరకు, అంటే సుమారు తొంభై ఏళ్లపాటు, లాటిన్ క్రియలు వినిపించాయి. రెండవ వాటికన్ మహాసభ 1963 డిసెంబరులో ఆరాధనపై చేసిన శాసనం ఆ మార్పుకు దారితీసింది. అంతవరకు ఉపదేశం ఏ భాషలో సాగినా పూజాపాఠం మాత్రం లాటిన్‌లోనే ఉండేది.

ఈ రెండు స్థలాలకూ సంబంధమేమిటని అడగవచ్చు. తెలుగు క్రియను మొదట వివరించిన పాశ్చాత్యులు లాటిన్ వ్యాకరణ శిక్షణతో వచ్చినవారు. క్రియ అంటే ఏమిటి, దాని రూపాలను ఏ వరుసలో అమర్చాలి, ఒక రూపానికి ఏ పేరు పెట్టాలి అన్న ప్రశ్నలకు వారి వద్ద ముందే సమాధానాలున్నాయి. ఆ సమాధానాలు లాటిన్ క్రియనుండి పుట్టాయి. కనుక వారి తెలుగు వ్యాకరణాలను సరిగా చదవాలంటే లాటిన్ క్రియ ఎలా పనిచేస్తుందో కొంతైనా తెలియాలి. మన వ్యాకరణ చరిత్రలలో ఈ భాగం తరచుగా ఒక్క వాక్యంతో ముగుస్తుంది: మిషనరీలు తెలుగును లాటిన్ మూసలో పోశారు. ఈ మాట కొంతవరకు నిజం. మూసలో పట్టనిది కూడా వారి పుస్తకాలలో నమోదైందని, తెలుగు క్రియ స్వభావం అక్కడే స్పష్టంగా బయటపడిందని చూపడం ఈ వ్యాసం ఉద్దేశం.

లాటిన్ క్రియ నిర్మాణం

లాటిన్‌లో క్రియారూపాల సముదాయాన్ని ‘కొన్యుగాతియో’ అంటారు. దీని మూలంలో ఉన్న ‘యుగుం’ అంటే కాడి. కాడి అనే అర్థం గల సంస్కృత ‘యుగ’ శబ్దం దీనికి జ్ఞాతి. ఒకే కాడికి కట్టిన ఎడ్లవలె ఒకే పద్ధతిలో నడిచే క్రియలను ఒక గణంగా చేర్చడమే ఈ పేరులోని భావన. లాటిన్ వైయాకరణులు క్రియలను నాలుగు గణాలుగా విభజించారు. గణాన్ని నిర్ణయించేది ధాతువు చివరి అచ్చు. అమారె (ప్రేమించు), మొనేరె (హెచ్చరించు), రెగెరె (పాలించు), ఔదీరె (విను) అనేవి ఆ నాలుగు గణాలకు సంప్రదాయ ఉదాహరణలు.

రూపనిష్పత్తి తెలుగువారికి వింతగా తోచదు. ధాతువుకు కాలాన్ని లేదా భావాన్ని తెలిపే అంశం, దాని తరువాత పురుష వచనాలను తెలిపే ప్రత్యయం చేరుతాయి. అమో, అమాస్, అమత్, అమాముస్, అమాతిస్, అమంత్ అన్నవి వర్తమానంలో ఆరు రూపాలు. కర్తను వేరుగా చెప్పనవసరం లేదు. ‘అమో’ అన్న ఒక్క పదంలోనే ‘నేను’ ఉంది. తెలుగులో ‘వచ్చితిని’ అంటే నేను అని వేరుగా చెప్పనక్కరలేనట్టే ఇది. ఆంగ్లం ఇలా కర్తను వదలదు. కాబట్టి లాటిన్ చదివిన పాశ్చాత్యుడికి తెలుగు వాక్యంలోని ఈ సౌలభ్యం కొత్త కాదు. అతడు తన మాతృభాషకంటే తాను బడిలో నేర్చిన ప్రాచీన భాష ద్వారానే తెలుగుకు దగ్గరయ్యాడు.

లాటిన్ క్రియకు ఆరు కాలాలు, మూడు భావాలు, రెండు ప్రయోగాలు ఉన్నాయి. కాలాలు వర్తమానం, అసంపూర్ణ భూతం, భవిష్యత్తు, సంపూర్ణ భూతం, పూర్వభూతం, పూర్వభవిష్యత్తు. భావాలు నిశ్చయార్థకం, సంభావనార్థకం, విధ్యర్థకం. ప్రయోగాలు కర్తరి, కర్మణి. వీటన్నిటినీ సాధించడానికి విద్యార్థి ప్రతి క్రియకు నాలుగు ప్రధాన రూపాలను కంఠస్థం చేస్తాడు. ‘అమో, అమారె, అమావీ, అమాతుం’ అన్న నాలుగూ తెలిస్తే మిగిలిన రూపాలన్నీ వాటినుండి వస్తాయి. కొన్ని క్రియలలో ఈ నాలుగింటికీ పోలికే ఉండదు. మోయు, తెచ్చు అనే అర్థాలుగల క్రియకు ‘ఫెరో, ఫెర్రె, తులీ, లాతుం’ అన్నవి ప్రధాన రూపాలు. అందుకే కంఠస్థం తప్పదు. ఇది గడులు గీసి నింపే పద్ధతి. ఏ గడినీ ఖాళీగా వదలకూడదన్న అలవాటు అక్కడ మొదలవుతుంది.

ఒక పదం, ఒక అచ్చు

కెథడ్రల్‌లో వినిపించిన కొన్ని పదాలనే ఉదాహరణగా తీసుకొందాం. విశ్వాస ప్రకటనకు పేరైన ‘క్రేదో’ ఉత్తమ పురుష ఏకవచన వర్తమాన రూపం. విశ్వసించుచున్నాను అని అర్థం. పాపాన్ని ఒప్పుకొనే ప్రార్థనలోని ‘కోన్ఫీతెయోర్’ రూపంలో కర్మణి, అర్థంలో కర్తరి. ఇటువంటి క్రియలను లాటిన్ వ్యాకరణం ఒక ప్రత్యేక వర్గంగా లెక్కిస్తుంది. తెలుగులో దీనికి సమానమైన ‘ఒప్పుకొను’లోని ‘కొను’ గమనించదగినది. క్రియాఫలం కర్తకే చెందే ఈ ‘కొను’ను మన వ్యాకర్తలు సంస్కృత ఆత్మనేపదార్థంతో పోల్చి చూశారు. ‘ఈతే’ మధ్యమ పురుష బహువచన విధ్యర్థకం. వెళ్ళండి అని అర్థం.

వీటన్నిటికంటె ఆసక్తికరమైనది, ప్రార్థనకు ముందు గురువు సభను ఆహ్వానిస్తూ పలికే ‘ఓరేముస్’. ‘ఓరాముస్’ అంటే ప్రార్థిస్తాము. ‘ఓరేముస్’ అంటే ప్రార్థిద్దాం. ఆకారం ఏకారమైతే చాలు, నిశ్చయం ఆహ్వానంగా మారుతుంది. ఇదే మార్పును గ్రాంథిక తెలుగులో చూడండి. ‘ప్రార్థింతుము’ అంటే ప్రార్థిస్తాము. ‘ప్రార్థింతము’ అంటే ప్రార్థిద్దాం. ‘చేయుదుము’, ‘చేయుదము’ రూపాలలోనూ ఇంతే. ఇక్కడ కూడా ఒక్క అచ్చే భావాన్ని మారుస్తున్నది. తాళపత్రాలలో ఒక కొమ్ము చెదిరితే అర్థం మారిపోయే చోటు ఇది. పరిష్కర్తలకు ఈ జాగ్రత్త అవసరం.

పోలిక ఇక్కడితో ఆగుతుంది. లాటిన్ ‘ఓరేముస్’లోని ‘మేము’ వినేవారిని కలుపుకొంటుందా లేదా అన్నది ప్రత్యయం చెప్పదు. తెలుగు ‘చేయుదము’ తప్పకుండా వినేవారిని కలుపుకొంటుంది. ‘మనము చేయుదము’ అనగలం. ‘మేము చేయుదము’ అనలేం. మనము, మేము అన్న భేదం లాటిన్ సర్వనామాలలో లేదు. తెలుగు క్రియ మాత్రం ఆ భేదాన్ని ఒక భావంలో నిక్షిప్తం చేసుకొంది. లాటిన్ గడిలో ‘ఉత్తమ పురుష బహువచనం’ అని రాసి ఊరుకొంటే ఈ విశేషం కనిపించదు.

చట్రం తెలుగుకు చేరిన క్రమం

లాటిన్ చట్రం తెలుగును చేరడానికి మొదటి ప్రధాన ఆధారం బెంజమిన్ షుల్ట్జ్ రచన. హాలె నగరపు పైటిస్టు సంప్రదాయానికి చెందిన ఈ జర్మన్ మిషనరీ 1719లో తరంగంబాడికి వచ్చాడు. తరువాత మద్రాసు చేరి తెలుగు నేర్చుకొన్నాడు. 1728లో లాటిన్ భాషలోనే ఒక తెలుగు వ్యాకరణం రాశాడు. అది చాలాకాలం రాతప్రతిగానే ఉండి, 1984లో హాలెలో ముద్రితమైంది. 1743లో స్వదేశానికి వెళ్ళిన తరువాత 1746–47 సంవత్సరాలలో హాలెలోనే చిన్న చిన్న తెలుగు మత గ్రంథాలను అచ్చువేయించాడు. తొలి తెలుగు ముద్రిత గ్రంథాల ప్రస్తావనలో ఇవి సుపరిచితమే.

షుల్ట్జ్ వ్యాకరణం లాటిన్‌లో ఉండడం ఆనాటి పండితలోకపు అలవాటు మాత్రమే కాదు. ఒక భాషలో వ్యాకరణం రాసినప్పుడు తెలుగు రూపానికి అర్థం ఆ భాషా రూపంతోనే చెప్పాలి. ‘చేసితిని’కి ‘ఫేకీ’ అని, ‘చేయుదును’కి ‘ఫకియో’ లేదా ‘ఫకియాం’ అని చెప్పక తప్పదు. చివరి ఉదాహరణలో ‘లేదా’ అనవలసి వచ్చిందని గమనించండి. ‘ఫకియో’ వర్తమానం, ‘ఫకియాం’ భవిష్యత్తు. ‘చేయుదును’ రెండింటికీ చెల్లుతుంది. అనువాదమే ఇక్కడ సమస్యను బయటపెడుతున్నది.

19వ శతాబ్దంలో వర్ణన భాష ఆంగ్లమైంది. చట్రం మాత్రం చాలావరకు అదే. విలియం కేరీ వ్యాకరణం 1814లో శ్రీరామపురంలో వెలువడింది. ఎ.డి. కాంప్‌బెల్ వ్యాకరణం 1816లో మద్రాసులో వెలువడింది. సి.పి. బ్రౌన్ వ్యాకరణం 1840లో, ఆర్డెన్ వ్యాకరణం 1873లో వచ్చాయి. ఈ వరుసలో స్థిరపడిన ఒక విభజన లాటిన్ గణాలను గుర్తుచేస్తుంది. ఆర్డెన్ పుస్తకం వంటివి తెలుగు క్రియలను మూడు గణాలుగా చూపాయి. ‘యు’తో ముగిసేవి ఒకటి, ‘చు’తో ముగిసేవి ఒకటి, మిగిలినవన్నీ మరొకటి.

ఈ విభజనను కేవలం అనుకరణ అని కొట్టివేయలేం. కొట్టు – కొట్టి – కొట్ట, చేయు – చేసి – చేయ, పిలుచు – పిలిచి – పిలువ అన్న మూడు వరుసలను పక్కపక్కన ఉంచి చూడండి. మొదటిదానిలో ధాతువులోని హల్లు మారదు. రెండవదానిలో య, స మారుతున్నాయి. మూడవదానిలో చ, వ మారుతున్నాయి. ధాతువు, క్త్వార్థకం, తుమర్థకం అనే మూడు రూపాలు తెలిస్తే మిగిలిన రూపాలలో ఎక్కువ భాగం సాధించవచ్చు. లాటిన్ విద్యార్థి నాలుగు ప్రధాన రూపాలతో చేసే పనినే తెలుగు విద్యార్థి మూడింటితో చేయగలడు.

తేడా కూడా ఉంది. లాటిన్ గణానికి ఆధారం ధాతువు చివరి అచ్చు. తెలుగులో ధాతువులు చాలావరకు ఉకారాంతాలే కనుక ఆ ఆధారం పనికిరాదు. అందుచేత ఈ రచయితలు ఉకారానికి ముందున్న హల్లును ఆధారం చేసుకొన్నారు. చట్రం పేరు మిగిలింది, దాని లోపలి సూత్రం తెలుగుకు తగినట్టు మారింది. అయినా మూడవ గణం ఏకరూపం కాదు. ‘పిలుచు’కు ‘పిలువ’ అయితే ‘ప్రార్థించు’కు ‘ప్రార్థింప’ అవుతుంది. బిందువు తరువాతి చకారం పకారమవుతున్నది. చిన్నయసూరి 1858 నాటి బాలవ్యాకరణంలో గణాల పేర్లు పెట్టకుండా, ఈ మార్పులను ఆదేశ సూత్రాలతో చెప్పాడు. ఒకరు రూపాలను పట్టికలో చూపారు, మరొకరు అవి పుట్టే ప్రక్రియను చెప్పారు. సంస్కృత విద్యలో ధాతురూపావళి, ప్రక్రియ రెండూ పక్కపక్కనే ఉన్నాయి కనుక ఈ రెండు మార్గాలూ మనకు కొత్తవి కావు.

పట్టికలో పట్టని రూపాలు

లాటిన్ పట్టికను తెలుగుకు వర్తింపజేసినప్పుడు కొన్ని గడులు ఖాళీగా మిగిలాయి. కొన్ని తెలుగు రూపాలకు గడులే లేకపోయాయి. ఈ రెండవ రకం మన పరిశీలనకు ముఖ్యమైనది.

మొదటిది వ్యతిరేక క్రియ. లాటిన్‌లో ‘ఫకియో’ చేస్తాను, ‘నోన్ ఫకియో’ చేయను. వ్యతిరేకం క్రియకు వెలుపల ఒక అవ్యయంగా నిలుస్తుంది. తెలుగులో అది క్రియ లోపలే ఉంది. చేయను, చేయవు, చేయడు, చేయదు, చేయము, చేయరు అని పూర్తి చక్రమే నడుస్తుంది. ఇందులో కాలవాచకం లేదు. ‘చేయను’ అన్నది ఇప్పటికీ, ఇక ముందుకూ, ఎప్పటికీ వర్తించగలదు. పురుషప్రత్యయాలు నేరుగా అంగానికి చేరుతున్నాయి. కాల్డ్వెల్ 1856లో ప్రకటించిన ద్రావిడ భాషల తులనాత్మక వ్యాకరణంలో ఈ కాలరాహిత్యాన్ని ప్రత్యేకంగా చర్చించాడు.

లాటిన్‌లో దీనికి పోలికే లేదనడం సరికాదు. ‘నోలో’ అన్న రూపం ఒకటుంది. అంటే ఒల్లను. ‘నేస్కియో’ అన్నది మరొకటి. అంటే ఎఱుగను. ఇవి వ్యతిరేకం క్రియతో కలిసిపోయిన రూపాలు. లాటిన్‌లో వేళ్లమీద లెక్కించదగిన ఈ అపవాదాలు తెలుగులో సామాన్య నియమం. లాటిన్ చదువుకొన్న మిషనరీకి తెలుగు వ్యతిరేక క్రియ వింతగా కనిపించినా, దానిని అర్థం చేసుకోవడానికి అతని వద్ద చిన్న కిటికీ అయినా ఉండింది. ఆ కిటికీ చాలలేదు కనుక పట్టిక పక్కన ‘వ్యతిరేక క్రియ’ అన్న శీర్షికతో మరొక పట్టిక గీయవలసి వచ్చింది.

రెండవది ‘చేయును’ రూపం. ‘సూర్యుడు తూర్పున ఉదయించును’ అన్నప్పుడు అది భవిష్యత్తూ కాదు, ఈ క్షణానికే పరిమితమైన వర్తమానమూ కాదు. లాటిన్ ఆరు కాలాలలో దీనికి చోటు దొరకక, బ్రౌన్ గ్రీకు వ్యాకరణంలోని ‘ఆయోరిస్ట్’ అన్న పేరును తెచ్చాడు. హద్దు లేనిది అని ఆ పదానికి అర్థం. చిన్నయసూరి దీనికి వాడిన పేరు తద్ధర్మార్థకం. ఆ ధర్మం గలది అని అర్థం. మొదటి పేరు ఆ రూపంలో ఏది లేదో చెబుతున్నది, రెండవది ఏది ఉందో చెబుతున్నది. రెండూ పరాయి భాషల వ్యాకరణాల నుండి వచ్చినవే. అయినా రెండవదాని వివరణశక్తి ఎక్కువ.

మూడవది ‘చేసిన’ వంటి రూపం. లాటిన్‌లో క్రియాజన్య విశేషణానికి ప్రయోగభేదం ఉంది. ‘అమాన్స్’ అంటే ప్రేమించేవాడు, ‘అమాతుస్’ అంటే ప్రేమింపబడినవాడు. తెలుగులో ‘చేసిన మనిషి’, ‘చేసిన పని’, ‘చేసిన చోటు’, ‘చేసిన రోజు’ అన్నింటికీ ఒకటే రూపం. మనిషి కర్త, పని కర్మ, చోటు అధికరణం. వీటిలో ఏది వర్తిస్తుందో విశేష్యమే నిర్ణయిస్తుంది. లాటిన్‌లో చివరి రెండింటిని చెప్పాలంటే సాధారణంగా యచ్ఛబ్దం వంటి సంబంధ సర్వనామంతో ఉపవాక్యం నిర్మిస్తారు. అందుకే ఆంగ్ల వ్యాకర్తలు సంబంధ సర్వనామం చేసే పనిని, క్రియాజన్య విశేషణపు రూపాన్ని కలిపి ఒక జంట పేరు పెట్టారు. చిన్నయసూరి దీనిని ధాతుజ విశేషణం అన్నాడు. ఒక పేరు పనిని, మరొక పేరు పుట్టుకను సూచిస్తున్నది.

ఇక ఖాళీ గడి విషయానికొస్తే కర్మణి ప్రయోగాన్ని చెప్పుకోవాలి. లాటిన్‌లో ‘అమత్’ ప్రేమిస్తాడు, ‘అమాతుర్’ ప్రేమింపబడతాడు. ప్రత్యయమే ప్రయోగాన్ని మారుస్తుంది. తెలుగులో అటువంటి ప్రత్యయం లేదు. ‘పడు’ను అనుప్రయోగంగా చేర్చుకోవాలి. ద్రావిడ భాషలలో క్రమబద్ధమైన కర్మణి లేదని కాల్డ్వెల్ కూడా గుర్తించాడు. వాడుకలో ‘ఈ గుడి 1875లో కట్టారు’ అంటాం. కట్టినవారెవరో చెప్పనక్కరలేదు. ‘నిర్మింపబడినది’ అన్నది వ్యాకరణ విరుద్ధం కాకపోయినా, పత్రాలలోనూ అనువాదాలలోనూ దాని వాడుక పెరిగింది. గడి ఖాళీగా ఉంటే నింపాలన్న ఒత్తిడి ఇక్కడ కనిపిస్తుంది. సంస్కృతం నుండీ ఆంగ్లం నుండీ చేసిన అనువాదాలలో ఈ ఒత్తిడి రెండువైపులా పనిచేసింది.

పురుషల లెక్క

పరిభాషలో మరొక చిక్కు నేటికీ తరగతి గదులలో ఎదురవుతుంది. లాటిన్ వ్యాకరణంలో మాట్లాడేవాడు మొదటి పురుష, వినేవాడు రెండవ పురుష, మిగిలినవారు మూడవ పురుష. ఈ వరుస గ్రీకు వ్యాకరణం నుండి వచ్చింది. సంస్కృత సంప్రదాయంలో వరుస తలకిందులు. ‘వాడు’ ప్రథమ పురుష, ‘నీవు’ మధ్యమ పురుష, ‘నేను’ ఉత్తమ పురుష. తెలుగు వ్యాకరణాలు దీనినే స్వీకరించాయి. కాబట్టి ఆంగ్ల వ్యాకరణం చదివి వచ్చిన విద్యార్థి ‘ప్రథమ పురుష’ అనగానే ‘నేను’ అనుకొంటాడు. రెండు చట్రాలు ఒకే సంఖ్యావాచకాన్ని రెండు భిన్న అర్థాలలో వాడడం వల్ల వచ్చిన గందరగోళం ఇది. తప్పు విద్యార్థిది కాదు.

ఈ తేడా వెనుక దృష్టిభేదం కూడా ఉంది. గ్రీకు, లాటిన్ సంప్రదాయం మాట్లాడే వ్యక్తితో మొదలవుతుంది. సంస్కృత సంప్రదాయం అందరికీ సామాన్యమైన ప్రథమ పురుషతో మొదలై మాట్లాడేవాడి వద్ద ముగుస్తుంది. తెలుగుకు సంబంధించి ప్రథమ పురుషతో మొదలుపెట్టడం వల్ల ఒక లాభం ఉంది. తెలుగు క్రియలో లింగభేదం కనిపించేది అక్కడే. వచ్చినాడు, వచ్చినది, వచ్చినారు, వచ్చినవి అన్న నాలుగింటిలో మహదమహద్భేదం ఉంది. లాటిన్ పురుషప్రత్యయాలలో లింగం లేదు. ‘అమత్’ అన్నది పురుషుడికీ స్త్రీకీ ఒకటే. లాటిన్ పట్టికలో ఒక గడికి సరిపోయే చోట తెలుగుకు రెండు గడులు గీయవలసి వచ్చింది.

క్రియాచక్రం – భాషా బంధుత్వం

లాటిన్ క్రియ తెలుగు చరిత్రలో నిర్వహించిన అతి ముఖ్యమైన పాత్ర వేరొకటి. కర్ణాటక మిషన్‌కు చెందిన ఫ్రెంచి జెసూట్ గాస్తోఁ కూర్దూ తెలుగు, సంస్కృతాలు నేర్చినవాడు. తెలుగు – ఫ్రెంచి – సంస్కృత నిఘంటువును కూర్చినవాడు. 1767లో పుదుచ్చేరి నుండి పారిస్‌లోని విద్వత్పరిషత్తుకు ఒక నివేదిక పంపుతూ, సంస్కృతానికి లాటిన్, గ్రీకు భాషలతో ఇంత పోలిక ఎందుకుందని ప్రశ్నించాడు. అది 1808లోగాని అచ్చుకాలేదు. ఈలోగా 1786లో కలకత్తాలో విలియం జోన్స్ చేసిన ప్రసంగం ప్రసిద్ధి పొందింది.

కూర్దూ చూపిన ఆధారాలలో ‘ఉండు’ అనే అర్థంగల క్రియ ఒకటి. అస్మి, అసి, అస్తి, స్మః, స్థ, సంతి అన్న సంస్కృత వరుసను సుం, ఎస్, ఎస్త్, సుముస్, ఎస్తిస్, సుంత్ అన్న లాటిన్ వరుస పక్కన ఉంచితే, పోలిక ఒక్కొక్క పదానికి కాక మొత్తం చక్రానికి వర్తిస్తున్నది. పదాలను అరువు తెచ్చుకోవచ్చు. చక్రమంతటినీ, దానిలోని వైకల్పికాలతో సహా, అరువు తెచ్చుకోవడం అరుదు.

ఇప్పుడు తెలుగు వరుసను పక్కన ఉంచుదాం. ఉన్నాను, ఉన్నావు, ఉన్నాడు, ఉన్నది, ఉన్నాము, ఉన్నారు, ఉన్నవి. ధాతువుకు పోలిక లేదు. ప్రత్యయాలు తెలుగు సర్వనామాలను చూపుతున్నాయి. నేను – ను, నీవు – వు, వాడు – డు, అది – ది, మేము – ము, వారు – రు, అవి – వి. సంస్కృత తత్సమాలు తెలుగులో ఎన్ని వేలున్నా క్రియాచక్రం సంస్కృతానిది కాదు. ‘ప్రార్థించు’లో ప్రార్థన సంస్కృతం, ‘ఇంచు’ నుండి చివరి ప్రత్యయం దాకా తెలుగే.

ఇక్కడ ఒక హెచ్చరిక అవసరం. లాటిన్ ‘అమాముస్’లోని ‘ముస్’, తెలుగు ‘చేయుదుము’లోని ‘ము’ ఒకదానికొకటి దగ్గరగా వినిపిస్తాయి. రెండూ ఉత్తమ పురుష బహువచనాలే. ఈ ఒక్క పోలికతో బంధుత్వం నిరూపింపబడదు. మిగిలిన ప్రత్యయాలు కలవవు కనుక ఇది కాకతాళీయం. లాటిన్ బోధనలోని మొత్తం చక్రం నేర్చే అలవాటు ఇలాంటి తొందరపాటును అడ్డుకొంటుంది.

కాంప్‌బెల్ వ్యాకరణానికి 1816లో ఎఫ్.డబ్ల్యు. ఎల్లిస్ రాసిన పీఠికా వ్యాఖ్య ఈ సందర్భంలో చిరస్మరణీయం. తెలుగు, తమిళ, కన్నడ ధాతువులను పోల్చి, ఇవి సంస్కృతజన్యాలు కావని, వేరొక కుటుంబానికి చెందినవని అతడు వాదించాడు. ఎల్లిస్ ప్రధానంగా ధాతువులపై ఆధారపడ్డాడు. నలభై ఏళ్ల తరువాత కాల్డ్వెల్ క్రియాప్రత్యయాలను, వ్యతిరేక చక్రాన్ని, సర్వనామాలతో వాటి సంబంధాన్ని కూడా పరిశీలించి ఆ వాదానికి బలం చేకూర్చాడు. లాటిన్, సంస్కృతాల బంధుత్వాన్ని చూపిన ఇదే పరీక్షలో, అంటే క్రియాచక్రాన్ని మొత్తంగా పోల్చడంలో, తెలుగు స్వతంత్రత కూడా తేలింది.

ముగింపు

లాటిన్ చట్రం తెలుగు క్రియకు చేసిన మేలు, కీడు రెండూ ఒకే లక్షణం నుండి వచ్చాయి. ప్రతి గడినీ నింపాలన్న పట్టుదల వల్ల కర్మణి వంటి చోట్ల లేని సమృద్ధిని ఉన్నట్టు చూపే అవకాశం ఏర్పడింది. ఆ పట్టుదల వల్లనే వ్యతిరేక చక్రం, తద్ధర్మం, ధాతుజ విశేషణం వంటివి మూసలో ఇమడక, విడిగా పేరు పెట్టి చూపవలసిన విషయాలయ్యాయి. సంస్కృత చట్రానికీ ఇటువంటి లాభనష్టాలే ఉన్నాయి. శతృ, క్త్వా, తుమున్ అన్న పేర్లతో మనం చెప్పుకొనే తెలుగు రూపాలకు ఆ సంస్కృత ప్రత్యయాలతో రూపసంబంధం లేదు. అర్థసామ్యాన్ని బట్టి పెట్టిన పేర్లవి. కాబట్టి ఒకటి స్వదేశీ చట్రమని ఆదరించి, మరొకటి విదేశీ చట్రమని తిరస్కరించడం చారిత్రకంగా నిలవదు. తెలుగుకు రెండూ వెలుపలివే.

హైదరాబాదులో ఈ కథ మరొక మలుపు తిరిగింది. భద్రిరాజు కృష్ణమూర్తి ‘తెలుగు వెర్బల్ బేసెస్’ 1961లో వెలువడింది. మరుసటి ఏడాది ఆయన ఉస్మానియా విశ్వవిద్యాలయంలో భాషాశాస్త్ర శాఖ బాధ్యత చేపట్టారు. తెలుగు ధాతువులను ద్రావిడ భాషల వెలుగులో పరిశీలించిన ఆ గ్రంథంతో తెలుగు క్రియకు సొంత కుటుంబమే కొలబద్ద అయింది. 1985లో గ్విన్‌తో కలిసి ఆయన రాసిన ఆధునిక తెలుగు వ్యాకరణం వాడుక భాషను ఆధారం చేసుకొంది. లాటిన్, సంస్కృతం ఇక కొలబద్దలు కావు, పోల్చి చూసుకొనే పొరుగు భాషలు.

ఈ మార్పు మన పాఠ్యపుస్తకాలకు ఇంకా పూర్తిగా చేరలేదు. భూత, భవిష్యత్, వర్తమానాలనే మూడు గడులతోనే క్రియను ముగించే పాఠంలో ‘చేయను’కు చోటు లేదు, ‘చేయుదము’కు చోటు లేదు. ‘అది ఏ కాలం?’ అని పిల్లవాడు అడిగితే, కాలం లేని రూపమని చెప్పడానికి పట్టిక అవకాశమివ్వదు. కంప్యూటరుకు తెలుగు క్రియను నేర్పే పదవిశ్లేషణ పరికరాలను నిర్మించేటప్పుడు కూడా ఇదే ప్రశ్న వస్తుంది. గడులు ముందుగా గీసి రూపాలను వెదకాలా, రూపాలను చూసి గడులు గీయాలా? షుల్ట్జ్ నుండి ఆర్డెన్ దాకా ఒకటిన్నర శతాబ్దంలో వచ్చిన వ్యాకరణాలు ఈ ప్రశ్నకు సమాధానంగా ఒక అనుభవాన్ని మిగిల్చాయి. వారు గడులతో మొదలుపెట్టారు. మిగిలిపోయిన రూపాలను పారవేయక పక్కన మరో పట్టిక గీశారు. ఆ రెండో పట్టికలోని రూపాలే తెలుగు క్రియ గురించి మనకు ఎక్కువ చెబుతున్నాయి. తెలుగు క్రియాపాఠం వాటితో మొదలుకావడం న్యాయం.